‘ముందే తెలుసు’ అనే నమ్మకం గురించి తెలుగు వికీపీడియా సంపాదకులకు బహిరంగ లేఖ

తెలుగు వికీపీడియాలో రాస్తూ, దిద్దుతూ, మూలాలు వెతుకుతూ ఉన్న మిత్రులందరికీ నమస్కారం.

నేను కోనసీమలో సోషల్ పాఠాలు చెప్పే టీచర్ని. ప్రాజెక్టు పని ఇస్తే మా పిల్లలు ముందు తెరిచేది మీ పేజీలే. టెట్‌కీ డీఎస్సీకీ చదువుకునే మా ఊరి అమ్మాయిలు, కుర్రాళ్లు సైకాలజీలో ఏదైనా అర్థం కాకపోతే అక్కడికే వెళ్తారు. అందుకే ఈ ఉత్తరం మీకు రాస్తున్నాను. హైండ్‌సైట్ బయాస్ అనే విషయం మీద తెలుగులో నిండైన, నమ్మదగిన వ్యాసం ఒకటి ఉండాలని నా కోరిక. ఆ వ్యాసాన్ని ఎలా పెంచాలి, దేన్ని ముందుకు తేవాలి, ఎక్కడ జాగ్రత్త పడాలి అన్నదాని మీద నాకు గట్టి అభిప్రాయాలున్నాయి. వాటిని అందరి ముందూ పెడితే మంచీ చెడూ మీరే తేలుస్తారని ఇలా బహిరంగంగా రాస్తున్నాను.

ఒక సంగతి జరిగిపోయాక, అది జరగబోతోందని తనకు ముందే తెలుసని మనిషి నమ్మడమే ఈ బయాస్. కావాలని కోతలు కోయడం వేరు. ఇక్కడ మనిషి నిజాయితీగానే నమ్ముతాడు. అప్పట్లో తాను ఏమనుకున్నాడన్న జ్ఞాపకమే ఈలోపు మారిపోయి ఉంటుంది. ఎన్నికల ఫలితాలు వచ్చిన సాయంత్రం ఏ టీ కొట్టు దగ్గర నిలబడినా ఇది వినిపిస్తుంది. దానివల్ల పెద్ద నష్టం లేదు. వరదలు, తుపాన్లు వచ్చే చోట మాత్రం నష్టం ఉంది. నీళ్లు వస్తున్నాయని చెప్పినప్పుడు ఎవరు ఇల్లు వదిలి బయల్దేరతారు, ఎవరు కదలకుండా కూర్చుంటారు అన్నది, కిందటిసారి గురించి వాళ్లకు ఏం గుర్తుందన్నదాని మీద చాలావరకు ఆధారపడుతుంది.

2013 నవంబరు సంగతి చూడండి. ఆ నెల 22న హెలెన్ తుపాను మచిలీపట్నం దగ్గర తీరం దాటింది. వారం తిరక్కముందే లెహర్ అండమాన్ మీదుగా బంగాళాఖాతంలోకి వచ్చి అతి తీవ్ర తుపానుగా బలపడింది. కాకినాడ వైపు వస్తుందని వాతావరణ శాఖ హెచ్చరించింది. మాకది సార్వా కోతల కాలం. కొంత వరి చేలో ఉంటుంది, కొంత పనల మీద ఉంటుంది. తీరం వెంట వేల మందిని ఖాళీ చేయించారు. తీరా 28వ తేదీకి అది సముద్రంలోనే నీరసపడి, వాయుగుండంగా మారి, మచిలీపట్నం దగ్గర తీరం దాటింది. ఆ తర్వాత ‘ఇది రాదని మాకు ముందే తెలుసు, ఊరికే టెన్షన్ పెట్టారు’ అన్న మాట మొదలైంది. దానికి 17 ఏళ్ల ముందు, 1996 నవంబరు 6 రాత్రి, కాకినాడకు దక్షిణంగా తీరం దాటిన తుపాను వెయ్యి మందికి పైగా ప్రాణాలు తీసింది. కోనసీమ కొబ్బరి తోటలు పడుకున్నాయి. దాని గురించి కూడా ‘ఆ రోజు గాలి చూస్తేనే తెలిసిపోయింది’ అనే మాట మా వైపు వినిపిస్తుంది. వచ్చిన తుపానూ ముందే తెలుసు, రాని తుపానూ ముందే తెలుసు. రెండు మాటలూ ఒకే అరుగు మీద వినిపిస్తాయి. లెహర్ రాదని తనకు తెలుసని ఇప్పుడు నమ్ముతున్న మనిషి, రేపు వచ్చే హెచ్చరికను తన ఊహతోనే కొలుస్తాడు. నా భయమంతా అక్కడే.

ఇది మామూలు పాఠకుడి గురించి. ఇక మీ గురించి, అంటే విజ్ఞాన సర్వస్వం రాసేవాళ్ల గురించి ఒక సంగతి చెప్పాలి. ఐలీన్ ఓబెర్‌స్ట్, ఆమె తోటి పరిశోధకులు 2018లో ఒక అధ్యయనం ప్రచురించారు. అందులో వాళ్లు పరీక్షకు పెట్టింది వికీపీడియా వ్యాసాలనే. ఒక ఘటన జరగకముందు దానికి సంబంధించిన వ్యాసం ఎలా ఉంది, జరిగాక ఎలా మారింది అని పోల్చి చూశారు. పాత కూర్పులన్నీ వికీపీడియాలో భద్రంగా ఉంటాయి కాబట్టి అది సాధ్యమైంది. చాలా వ్యాసాల్లో ఈ బయాస్ జాడ కనిపించలేదు. మూలాలు చూపించాలి, తటస్థంగా రాయాలి అని మీరు పెట్టుకున్న కట్టుబాట్లు ఊరికే పోలేదని నేను అనుకుంటున్నాను. కానీ ఒక్క రకం ఘటనల దగ్గర మాత్రం బయాస్ గట్టిగా బయటపడింది. అవి విపత్తులు. విపత్తు జరిగాక వ్యాసంలోకి చేరే సమాచారం, అది జరిగి తీరేదే అనిపించేలా పోగుపడుతోంది. అక్కడితో ఆగలేదు. అలాంటి వ్యాసం చదివినవాళ్లలో, ఆ ఘటన గురించి అంతకుముందు వినని మనుషులకు కూడా అదే భావన కలిగింది. ముందే తెలిసినవాళ్లలో ఆ భావన ఇంకా పెరిగింది.

గోదావరి డెల్టా చరిత్రలో సగం విపత్తులదే. 1839 నాటి కోరంగి తుపాను, 1986 ఆగస్టు వరద, 1996 తుపాను, 2022 జులై వరద. రేపు మా పిల్లలు వీటి గురించి చదివేది మీ దగ్గరే. విజ్ఞాన సర్వస్వం ఏ రకం వ్యాసాల్లో ఎక్కువగా జారుతుందని పరిశోధన చెబుతోందో, మా జీవితం ఎక్కువగా ఉన్నది ఆ రకం వ్యాసాల్లోనే. అందువల్ల తెలుగు వ్యాసంలో ఈ అధ్యయనానికి ఎక్కడో చివర ఒక వాక్యం ఇచ్చి సరిపెట్టకండి. దానికంటూ ఒక విభాగం కేటాయించండి. ఇంగ్లీషు వ్యాసాన్ని ఉన్నదున్నట్టు దించుకోవద్దని నేను కోరడానికి మొదటి కారణం ఇదే. మన పాఠకుడికి ఏది ఎక్కువ అవసరమో దాన్ని బట్టి వ్యాసంలో చోటు పంచాలి.

చరిత్ర విభాగం కథలా సాగితే బాగుంటుంది. ఎందుకంటే ఆ కథ నిజంగానే బాగుంటుంది. బరూక్ ఫిషాఫ్ జెరూసలెంలోని హీబ్రూ విశ్వవిద్యాలయంలో డేనియల్ కానెమన్, ఏమోస్ ట్వెర్‌స్కీ అనే సైకాలజిస్టుల దగ్గర పరిశోధన విద్యార్థిగా ఉండేవాడు. పాల్ మీల్ అనే సైకాలజిస్టు 1973లో ఒక వ్యాసం రాశాడు. రోగి విషయం తేలిపోయాక వైద్యులు అది మొదటి నుంచీ తెలిసిందేనన్నట్టు మాట్లాడతారన్న పరిశీలన అందులో ఉంది. ఫిషాఫ్‌కి ఆలోచన అక్కడ మొదలైంది. దాన్ని పరీక్షించడానికి ఆయన ఎంచుకున్న ఘటన మన ఉపఖండంలోదే: 1814లో బ్రిటిష్‌వాళ్లకీ నేపాల్ గూర్ఖాలకీ మొదలైన యుద్ధం. చదివేవాళ్లకు రెండు పక్షాల బలాబలాలు వివరించాడు. ఆ యుద్ధం నాలుగు రకాలుగా ముగిసి ఉండవచ్చన్నాడు. బ్రిటిష్‌వాళ్లు గెలవడం, గూర్ఖాలు గెలవడం, ఎటూ తేలక సంధి కుదరడం, ఎటూ తేలకపోగా సంధి కూడా కుదరకపోవడం. కొందరికి ఫలితం చెప్పలేదు. మిగతావాళ్లకు ఒక్కో గుంపుకి ఒక్కో ఫలితాన్ని ‘నిజంగా జరిగింది ఇదే’ అని చెప్పాడు. తర్వాత అందరినీ, ఫలితం తెలియనట్టే అనుకుని అంచనా వెయ్యమన్నాడు. ఏ గుంపుకి ఏది చెప్పాడో ఆ గుంపు దానికే ఎక్కువ అవకాశం ఉందని లెక్క వేసింది. ఫలితం తెలియడం తమ అంచనాను మార్చిందన్న ఎరుకే వాళ్లకు లేదు. 1975లో ప్రచురించిన ఈ ప్రయోగాన్ని తెలుగు వ్యాసంలో పూర్తిగా, తీరిగ్గా చెప్పాలి. పదో తరగతి పిల్లవాడు చదివి, తన క్లాసులోనే చేసి చూడగలిగినంత వివరంగా ఉండాలి.

అదే ఏడాది ఫిషాఫ్, రూత్ బేత్ కలిసి ఇంకో అధ్యయనం ప్రచురించారు. 1972లో అమెరికా అధ్యక్షుడు నిక్సన్ చైనాకీ సోవియట్ యూనియన్‌కీ వెళ్లబోయే ముందు, అక్కడ ఏమేం జరగవచ్చో విద్యార్థులను అంచనా వెయ్యమన్నారు. మావోను కలుస్తాడా, లేదా లాంటివి. పర్యటనలు అయ్యాక, అప్పుడు మీరెంత అవకాశం వేశారో గుర్తు చేసుకోండి అన్నారు. జరిగాయని తాము అనుకుంటున్న వాటికి, నిజంగా వేసినదానికన్నా ఎక్కువే వేసినట్టు వాళ్లకు గుర్తొచ్చింది. రాసిన కాగితం ఒకటి చెబుతోంది, జ్ఞాపకం ఇంకోటి చెబుతోంది. నేను ఈ ఉత్తరంలో అడగబోయే అసలు విషయానికి ఈ కాగితమే ఆధారం. కొంచెం ఆగి దాని దగ్గరికి వస్తాను.

1975 తర్వాత జరిగిన పనిని ఒక చోటికి తెచ్చినది నీల్ రోజ్, క్యాథ్లీన్ వోస్ 2012లో రాసిన సమీక్ష. వాళ్లు ఈ బయాస్‌లో మూడు అంతస్తులు చూపించారు. మొదటిది జ్ఞాపకం మారడం. రెండోది, జరిగినది జరిగి తీరేదే అనిపించడం. మూడోది, దాన్ని నేను పసిగట్టగలిగాను అనిపించడం. మా లంకల్లో మనిషికి ఇవి అరనిమిషంలో అర్థమవుతాయి. 2022 జులైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటింది, 1986 తర్వాత అంత ఎత్తు ఎప్పుడూ లేదు. ఆ వరద గురించి ఒకాయన ‘నీళ్లు ఇంట్లోకొస్తాయని నేను ఆ సోమవారమే అన్నాను’ అంటాడు, అననే లేదు. రెండో ఆయన ‘ఎగువన అంత వాన పడ్డాక రాక ఏం చేస్తుంది’ అంటాడు. మూడో ఆయన ‘ఏటి రంగు చూసి నేను పట్టేశాను’ అంటాడు. ఈ మూడూ ఒకటి కావనీ, ఒకటి ఉన్నచోట మిగతా రెండూ ఉండాలని లేదనీ వ్యాసం స్పష్టంగా చెప్పాలి.

కారణాల విభాగంలో ఒక్క వివరణకే పట్టం కట్టకండి. ఫలితం తెలిశాక మన జ్ఞానమే కొత్తగా సర్దుకుంటుందనీ, పాత అంచనాను గుర్తు చేసుకునేటప్పుడు ఆ కొత్త జ్ఞానంతోనే దాన్ని మళ్లీ కడతామనీ హాఫ్‌రాగె, హెర్ట్‌విగ్, గిగరెంజర్ 2000లో చెప్పారు. వాళ్ల లెక్కలో ఇది నేర్చుకునే శక్తికి అంటుకుని వచ్చే చిన్న నష్టం. కథ తేలిగ్గా అల్లుకుంటే అది ముందే తెలిసినట్టు అనిపిస్తుందని కొందరు అంటారు. పరువు, మనసుకి ఊరట లాంటివి కూడా పనిచేస్తాయని ఇంకొందరు అంటారు. ప్రభావం ఎంత పెద్దదో చెప్పేటప్పుడు నోరు అదుపులో పెట్టుకోవాలి. 1991లో 122 అధ్యయనాలను కలిపి చూస్తే సగటు ప్రభావం చిన్నదేనని తేలింది. 2004లో 95 అధ్యయనాల లెక్కలో మోస్తరుగా ఉందని తేలింది. అంటే ఉన్న మాట నిజం, అందరి బుర్రా పూర్తిగా తప్పిపోతుందన్న మాట నిజం కాదు. వయసు సంగతి కూడా ఒక పేరాలో చేర్చండి. 3 ఏళ్ల పిల్లల నుంచి 95 ఏళ్ల పెద్దల వరకు చేసిన 2011 నాటి అధ్యయనంలో ఇది అన్ని వయసుల్లోనూ కనిపించింది, బడికి రాని చిన్నపిల్లల్లోనూ ముసలివాళ్లలోనూ ఎక్కువగా కనిపించింది.

దీని పక్కనే ఉండే ఇంకో బయాస్‌తో కలగాపులగం కాకుండా చూడటం చాలా ముఖ్యం. నిర్ణయం మంచిదా కాదా అన్నది ఫలితాన్ని బట్టి తేల్చడాన్ని అవుట్‌కమ్ బయాస్ అంటారు. బారన్, హెర్షీ 1988లో దాన్ని పరీక్షించారు. తుపాను హెచ్చరిక విని ఒక రైతు పూర్తిగా పండని వరిని కోయించేశాడనుకుందాం. తుపాను రాలేదు, గింజ తేలిపోయింది. ‘తెలివితక్కువ పని చేశావు’ అని ఊరంతా అంటే అది అవుట్‌కమ్ బయాస్. ఆ రోజు అతని చేతిలో ఉన్న సమాచారంతో చూస్తే అది సరైన నిర్ణయమే అయి ఉండొచ్చు. ‘రాదని మాకు తెలుసు, నువ్వే వినలేదు’ అంటే అది హైండ్‌సైట్ బయాస్. రెండూ ఒకే నోటి నుంచి రావచ్చు, అయినా వేరు వేరు. పరీక్షలకు చదివే పిల్లలు ఇక్కడే తడబడతారు. ఇలాంటి కల్పిత ఉదాహరణ ఒకటి, కల్పితమని చెప్పి మరీ ఇస్తే వాళ్లకు ఎంతో సాయం.

‘కల్పితమని చెప్పి’ అని ఎందుకన్నానంటే, మీ నియమం నాకు తెలుసు. సొంత పరిశోధనను, సొంత వ్యాఖ్యానాన్ని వ్యాసంలో పెట్టకూడదు. లెహర్ తుపాను తర్వాత జనం అన్న మాట హైండ్‌సైట్ బయాసేనని ఏ పరిశోధకుడూ కొలిచి చెప్పకుండా, నేను చెప్పానని మీరు వ్యాసంలో రాయకూడదు. ఆ నియమం సరైనదే, దాన్ని సడలించమని అడగను. స్థానిక ఘటనలకు తగిన చోటు ఇంకొకటి ఉంది. అవి ఆ ఘటనల సొంత వ్యాసాలు. ఇదే నా అసలు విన్నపం.

మా వరదలు, తుపాన్ల వ్యాసాల్లో ప్రతిదానికీ ‘ముందు తెలిసినది’ అనే భాగం ఉండాలి. అది తేదీ, గంటల వరుసలో ఉండాలి. ఏ గంటకు ఏ హెచ్చరిక వచ్చింది, ఆ హెచ్చరికలో ఏముంది, అన్నది ఫలితం ఊసు లేకుండా రాయాలి. ధవళేశ్వరం దగ్గర 11.75 అడుగులకు మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది. భద్రాచలం దగ్గర 43, 48, 53 అడుగులు. ఈ అంకెలు మా వైపు నోటికి వచ్చు. 1986 ఆగస్టులో సుమారు 35 లక్షల క్యూసెక్కుల నీరు ధవళేశ్వరం దాటిందని ఇప్పుడు అందరికీ తెలుసు. అంత నీరు వస్తుందని ముందు రోజు ఎవరు అంచనా వేశారు, ఎంత వేశారు, లంకలకు ఆ కబురు ఎప్పుడు చేరింది? వ్యాసం మొదలు పెట్టాల్సింది అక్కడ. తుపాన్లకైతే పని ఇంకా తేలిక. వాతావరణ శాఖ బులెటిన్లకు తేదీ, సమయం ఉంటాయి. న్యూఢిల్లీలోని ప్రాంతీయ తుపాను కేంద్రం తన నివేదికల్లో తుపాన్ల అంచనా ఎంత తప్పిందో కూడా లెక్క వేసి ప్రచురిస్తుంది. లెహర్ అంచనా ఎక్కడ సరిపోయింది, ఎక్కడ తప్పింది అన్నది అలాంటి మూలాల నుంచి రాస్తే, చదివినవాడు తన సొంతగా ఒక నిర్ణయానికి వస్తాడు.

దీనికోసం మూలాలు ఎంచుకునే పద్ధతి కూడా కాస్త మారాలి. విపత్తు వ్యాసాలకు మనం సాధారణంగా మర్నాటి పేపరునీ, వారం తర్వాతి విశ్లేషణనీ మూలంగా తీసుకుంటాం. వాటితో పాటు ముందు రోజు పేపరు కావాలి. 1996 నవంబరు 7, 8 తేదీల పత్రికలు ఎంత ముఖ్యమో, 5, 6 తేదీలవి కూడా అంతే ముఖ్యం. ఆ రోజు మొదటి పేజీలో తుపాను ఎక్కడుంది, ఎన్ని కాలమ్స్‌లో ఉంది, దాని పక్కన ఇంకే వార్తలున్నాయి అన్నది చూస్తే, ఆనాటి మనిషి ఏ సందడిలో ఆ హెచ్చరికను విన్నాడో తెలుస్తుంది.

అలాగే కొన్ని వాక్యాల మీద ఒక కన్ను వేసి ఉంచమని కోరుతున్నాను. ‘ముందుగానే సంకేతాలు కనిపించాయి’ అని రాసేటప్పుడు, అవే సంకేతాలు ఏమీ జరగని ఏడాదుల్లో కనిపించలేదా అని అడగాలి. మూడో హెచ్చరిక వచ్చిన ప్రతిసారీ ఏటిగట్టు తెగలేదు. బంగాళాఖాతంలో పుట్టిన ప్రతి వాయుగుండమూ కోనసీమకు రాలేదు. తెగిన ఏడాది, వచ్చిన ఏడాది మాత్రమే చూపించి సంకేతాలు అంటే చదివేవాడికి ఇంకో దారి కనిపించదు. ‘ఊహించినట్టే’, ‘అనుకున్నట్టే’ లాంటి మాటలకు ఎవరు, ఎప్పుడు, ఎక్కడ అనుకున్నారో మూలం అడగండి. మూలం లేకపోతే ఆ మాటను తీసేయండి.

విజయాల దగ్గర కూడా ఇదే పద్ధతి పాటించాలి. ధవళేశ్వరం ఆనకట్ట వ్యాసం తీసుకోండి. మా ఊళ్లల్లో కాటన్ దొర విగ్రహం లేని చోటు తక్కువ. పచ్చటి చేలు చూసి, ఆనకట్ట కడితే నీళ్లు రావడం, పంట పండటం అంతా తథ్యమే కదా అనిపిస్తుంది. 1847లో పని మొదలుపెట్టినప్పుడు అది తథ్యం కాదు. నదికి అక్కడ రాతి పునాది లేదు, అడుగంతా ఇసుక. ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అనే నాలుగు భాగాలుగా ఆ ఇసుక మీదే కట్టాలి. కాటన్‌కి ధైర్యం ఇచ్చింది కావేరి మీద ఇసుకలోనే నిలబడ్డ పాత ఆనకట్ట కల్లణై. 1852లో పూర్తయ్యేవరకూ ఇది నిలబడుతుందా అన్నది నిజమైన ప్రశ్నే. ఆ సందేహాన్ని వ్యాసంలో కనపడనిస్తే ఆ పని గొప్పతనం పెరుగుతుందే తప్ప తగ్గదు.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా ఎక్కువ బెంగ ఉన్న విషయం. ఈ బయాస్ గురించి తెలిసినవాళ్లు దాన్ని జనం నోరు మూయించడానికి వాడే ప్రమాదం ఉంది. ఒక ఊరివాళ్లు మే నెలలో గట్టు ఫలానా చోట బలహీనంగా ఉందని అర్జీ పెట్టారనుకుందాం. ఆగస్టులో సరిగ్గా అక్కడే గండి పడింది. ‘మేం ముందే చెప్పాం’ అని వాళ్లు అంటే, ‘అది మీ హైండ్‌సైట్ బయాస్’ అని ఎవరూ కొట్టిపారేయకూడదు. అర్జీ మీద తేదీ ఉంది, ముద్ర ఉంది. వాళ్లది నిజంగా ముందే తెలిసిన సంగతి. ఫిషాఫ్ ఎవరికీ ఏదీ ముందు తెలియదని చెప్పలేదు. ఫలితం తెలియకముందు వేసిన అంచనానీ, తెలిశాక వేసినదాన్నీ పక్కపక్కన పెట్టి తేడా చూపించాడు, అంతే. కాబట్టి వ్యాసంలో ఈ భావన పరిమితుల గురించి ఒక భాగం తప్పకుండా ఉండాలి. ఆ భాగం చదివాక అర్జీ పెట్టిన రైతుకి బలం రావాలి, అర్జీని పక్కన పడేసిన కార్యాలయానికి సాకు దొరకకూడదు.

అదే సమయంలో రెండో వైపు కూడా నిజాయితీగా రాయాలి. కామిన్, రాక్లిన్‌స్కీ 1995లో చేసిన అధ్యయనం సరిగ్గా వరద గురించే. ఒక నగరపాలక సంస్థ నది ఒడ్డు ఆస్తులకు వరద నుంచి అదనపు రక్షణ ఏర్పాట్లు చేయాలా వద్దా అన్నది ప్రశ్న. వరద రాకముందు స్థానంలో ఉండి ఆలోచించినవాళ్లలో నాలుగింట మూడు వంతుల మంది, ఆ అవకాశం చాలా తక్కువ, ఏర్పాట్లు అక్కర్లేదన్నారు. వరద వచ్చిందని చెప్పిన గుంపులో ఎక్కువమంది అదే నిర్ణయాన్ని నిర్లక్ష్యం అన్నారు. ఫలితాన్ని మనసులో పెట్టుకోవద్దని చెప్పి చూసినా పెద్దగా మార్పు రాలేదు. రాత్రంతా గట్టు మీద ఇసుక బస్తాలు వేయించి, తెల్లారేసరికి గండి పడితే మాటలు పడే ఇరిగేషన్ ఉద్యోగులు మా వైపు ఉన్నారు. వాళ్లకు కూడా ఈ వ్యాసం న్యాయం చేయాలి. ఎటువైపు న్యాయం చేయాలన్నా దారి ఒకటే: ఆ రోజుకి చేతిలో ఏ కాగితం ఉంది?

తగ్గించే మార్గాల గురించి రాసేటప్పుడు నీతిబోధ వద్దు. ‘జాగ్రత్తగా ఉండండి’ అని హెచ్చరిస్తే ఇది తగ్గదని ఫిషాఫ్ 1977లోనే చూపించాడు. ఇంకోలా జరిగి ఉంటే ఎందుకు జరిగి ఉండేది అని ఆలోచింపజేస్తే కొంత తగ్గుతుంది. ఆర్క్స్, ఆయన తోటివాళ్లు 1988లో న్యూరోసైకాలజిస్టుల చేత సాధ్యమైన ప్రతి రోగనిర్ధారణకూ ఒక కారణం రాయించి దాన్ని నిరూపించారు. దీనికీ హద్దు ఉంది. సానా, ష్వార్జ్, స్టాకర్ 2002లో చూపించినట్టు, ఇంకోలా జరగడానికి రెండు కారణాలు రాయమంటే సరే, పది రాయమంటే మనిషి తల పట్టుకుంటాడు. అన్ని దొరకట్లేదంటే ఇలాగే జరగాల్సి ఉందన్నమాట అనుకుంటాడు. బయాస్ తగ్గకపోగా పెరుగుతుంది. టీచర్లకు ఈ వివరం బంగారం లాంటిది. దయచేసి వదిలేయకండి.

అడగడమే కాదు, మా వైపు నుంచి చేయగలిగింది కూడా చెప్తాను. పాత పత్రికలు వెతకడం, చదివి తేదీల వరుస రాయడం మాలాంటి టీచర్లం, పెద్ద క్లాసుల పిల్లలం చేయగల పని. రాజమండ్రి గౌతమీ ప్రాంతీయ గ్రంథాలయం నుంచి మొదలుపెట్టి, అమలాపురం, కాకినాడ, ఏలూరు, భీమవరం గ్రంథాలయాల్లో ఏముందో చూడొచ్చు. కాపీరైటు విషయంలో ఏది స్కాన్ చేయొచ్చు, ఏది కేవలం మూలంగా చూపించాలి అన్నది మీరు దారి చూపించాలి. ఇంకో పని కూడా అనుకుంటున్నాం. ఈ వానాకాలంలో ధవళేశ్వరం దగ్గర మొదటి హెచ్చరిక పడిన రోజున, నీళ్లు ఎంతవరకు పెరుగుతాయో పిల్లల చేత నోటుపుస్తకంలో రాయించి, తేదీ వేయించి, పుస్తకాలు బీరువాలో పెట్టడం. వరద తగ్గాక, అప్పుడేం రాశారో గుర్తు చేసుకోమని అడిగి, తర్వాత పుస్తకాలు తీయడం. దాన్ని వ్యాసంలో పెట్టమని అడగను, అది పరిశోధన కాదు. కానీ ఆ పిల్లల్లో కొందరు రేపు మీతో కలిసి రాస్తారు.

మొదట 1996 తుపాను వ్యాసాన్ని చేతిలోకి తీసుకుందామని నా సూచన. ఆ రాత్రిని చూసినవాళ్లు ఇంకా మన మధ్య ఉన్నారు, వాళ్ల మాటలు రికార్డు చేయాలి. అయితే ఇన్నేళ్లు గడిచాక చెప్పే జ్ఞాపకం ఎంత నిజాయితీగా ఉన్నా, దాని పక్కన ఆనాటి కాగితం కూడా ఉండాలి. ఆనాటి న్యూస్‌ప్రింట్ పసుపు రంగు తిరిగి, మడత దగ్గర విరిగిపోతోంది. అందుకే అది ముందు, 1986 వరద తర్వాత. హైండ్‌సైట్ బయాస్ వ్యాసం పని వీటితో పాటే నడవచ్చు, ఆ పనికి పుస్తకాలూ పరిశోధన పత్రాలూ ఎక్కడికీ పోవు. చర్చా పేజీలో మీరు తేదీ ఒకటి చెప్తే మా వైపు నుంచి వచ్చేవాళ్ల పేర్లు పంపుతాను.

నమస్కారాలతో,
కోనసీమ నుంచి ఒక సోషల్ టీచరు